పోటీ కోరిన పిల్ల



గరిడేపల్లి ప్రాంతపు శ్రోతలను తలచుకొని యీ ప్రసంగమునకు కూర్చుంటిని. ఆ యూరి పేరు వినినంతనే నాకు గరిడి యను మాట స్ఫురించును. సాము నేర్చు స్థలమునకు మన పూర్వులు పెట్టుకొన్న పేరది. ఊరి పేరు దానినుండియే పుట్టినదని నేననను. మాట తలపునకు వచ్చినది, చాలును. వస్తాదు, శిష్యులు, పట్లు, పందెములు మీకు క్రొత్త గావు. ఆ బరిలో ఆడపిల్ల నిలుచుటయే క్రొత్త.

ఇప్పుడు మన బడులలో బాలికలు కరాటే నేర్చుచున్నారు. జపాను దేశపు ఒకినావా ద్వీపమున పెరిగిన విద్య యది. హైదరాబాదు వనిత సయ్యదా ఫలక్ ఆ విద్యతో విదేశములకుఁ బోయి పతకములు తెచ్చెను. కాని ఒలింపిక్సు క్రీడలలో కరాటేకు 2021లో టోక్యోయందు చోటు దొరకినను, 2024లో పారిస్‌నందు దొరకలేదు. కావున మన తెలంగాణపు పిల్ల యొకతె యిట్టి ద్వంద్వక్రీడలో ఒలింపిక్సు వఱకు నడచిన దారి చూడవలెనన్నచో, కరాటేకు తోబుట్టువు వంటి ముష్టియుద్ధమును, అనగా బాక్సింగును, చూడవలసియున్నది. ఆ దారి నడచినది నిజామాబాదునకుఁ జెందిన నిఖత్ జరీన్.

ఆమె 1996లో జన్మించెను. నలుగురాడపిల్లలలో మూడవది. తండ్రి మహమ్మద్ జమీల్ అహ్మద్ తాను ఆటగాడగుటచే బిడ్డను తొలుత పరుగుపందెములలో దింపెను. మైదానమున బాక్సింగు నేర్చువారిలో ఒక్క బాలికయు లేకుండుట చూచి, ఏల లేరని ఆమె తండ్రి నడిగెను. ఆడువారికి అంత బలము చాలదని లోకులు తలతురని ఆయన చెప్పెను. అంతే, పిల్లకు పట్టుదల పుట్టినది. జతకు బాలికలు లేరు గనుక బాలురతోడనే సాధన. ముఖమున దెబ్బలతో ఇల్లు చేరిన బిడ్డను జూచి తల్లి కంటనీరు పెట్టుకొనెను. ఈ మొగముతో పెండ్లి యెట్లగునని ఆమె బెంగ. బంధువులు పొట్టి దుస్తుల మాట యెత్తిరి. తండ్రి వెనుదీయలేదు. నన్నడిగినచో ఈ కథలో మొదటి పతకము ఆయనకే యిత్తును.

పదునైదేండ్లు నిండకమునుపే, 2011లో, టర్కీ దేశమున అంటాల్యాలో ఆమె బాలికల ప్రపంచ విజేత యయ్యెను. 2017లో భుజపుకీలు తొలగి, శస్త్రచికిత్స పొంది, చాల కాలము బరికి దూరమయ్యెను. మరల లేచెను.

నేను ముఖ్యముగా చెప్పఁదలచినది 2019 నాటి మాట. మేరీ కోమ్ పేరు మీరు వినియుందురు. మణిపూరునుండి వచ్చి ఆరు పర్యాయములు ప్రపంచ విజేతయై, 2012లో లండన్ ఒలింపిక్సున కాంస్యపతకము గొన్న మహావీరురాలు. టోక్యోకు అర్హతపోటీలు రానుండెను. 51 కిలోల తరగతిలో దేశమునుండి ఒక్కరినే పంపవలయును. పరీక్ష లేకయే మేరీ కోమ్‌ను పంపుదురను మాట వినవచ్చెను. ఆ అక్టోబరులో నిఖత్ కేంద్ర క్రీడామంత్రికి లేఖ వ్రాసెను. తన్ను పంపుఁడని కాదు. న్యాయముగ పోటీ పెట్టుఁడని.

పెద్దామెతో పందెము కోరుట పొగరని తలచినవారు లేకపోలేదు. మీలో పలువురు గట్టు తగవులు తీర్చినవారు. గొలుసు వేసి కొలువుఁడని యడిగినవాడు పొరుగువానిని అవమానించెనని మీరెన్నఁడైన తీర్పు చెప్పితిరా? గౌరవము వేరు, కొలత వేరు. మేరీ కోమ్ గొప్పతనమును ఆ లేఖ యెచ్చటను తక్కువ చేయలేదు. చిన్ననాటినుండి ఆమెను ఆదర్శముగఁ జూచుకొన్న పిల్లయే యీ నిఖత్.

డిసెంబరు 28వ తేదీన ఢిల్లీలో పోటీ జరిగెను. నిఖత్ ఓడెను, తొమ్మిదికి ఒకటిగా ఓడెను. కలిపెడి చేయి సయితము ఆమెకు దొరకలేదు. అది తనకు నొప్పి కలిగించినదని ఆమె దాచక చెప్పెను. కాని లేఖ తప్పని యామె యనలేదు, నేనును అనను. గొలుసు వేయగా గట్టు పొరుగువానిదే యని తేలినంతమాత్రమున, కొలువుమనుట తప్పెట్లగును?

ఇఁక కొలత మాట వచ్చినది గనుక ఇంకొకటి. బాక్సింగున సమాన బరువుగలవారే తలపడవలయును. పోటీనాఁటి ప్రొద్దుట కాటా యెక్కవలయును. ముల్లు కొంచెము హెచ్చు చూపినను బరిలోనికి రానీయరు. పిదప మూడేసి నిమిషములు మూడు విడతలు. ఐదుగురు న్యాయనిర్ణేతలు ఎవరికివారు మార్కులు వేయుదురు. నిఖత్ 52 కిలోల తరగతిలో 2022 మే 19న ఇస్తాంబులు నగరమున థాయిలాండునకుఁ జెందిన జుతామస్ జిట్‌పాంగ్‌ను ఓడించి ప్రపంచ విజేత యయ్యెను. ఐదుగురును ఆమెకే గెలుపిచ్చిరి. మన దేశపు స్త్రీలలో ఆ పదవి పొందినవారిలో ఆమె యైదవది. మేరీ కోమ్ బహిరంగముగ అభినందించెను. వినదగిన వార్త యది.

కాని 2024 పారిస్ ఒలింపిక్సున 52 కిలోల తరగతి లేకుండెను. ఉండినది 50. ధాన్యపు కాటాయొద్ద రెండు కిలోలు లెక్కకు రావని మనము చూచిచూడనట్లుందుము. బక్కపలుచని, కండ గట్టిన దేహమునుండి ఆ రెండు కిలోలు తీయుట యెంతటి తపమో చేసినవారికే తెలియును. అన్నము, నీరు గూడ విడువవలసి వచ్చును. ఆమె తీసెను. 2022 ఆగస్టున బర్మింగ్‌హామ్ కామన్‌వెల్తు క్రీడలలో ఆ తరగతిలోనే స్వర్ణము, 2023 మార్చిలో ఢిల్లీలో రెండవ ప్రపంచ విజయము, ఆ యేడే చైనాలోని హాంగ్‌ఝౌ ఆసియా క్రీడలలో కాంస్యము.

ఇన్నేండ్లు కోరిన ఒలింపిక్సు 2024లో పారిస్‌లో వచ్చెను. మొదటి పందెమున జర్మను వనితను గెలిచెను. ఆగస్టు 1న చైనా వనిత వూ యూ చేతిలో ఐదుగురి తీర్పునను ఓడి, కన్నీటితో బరి దిగెను. ఆ సంవత్సరమే తెలంగాణ ప్రభుత్వము ఆమెను పోలీసుశాఖలో డి.ఎస్.పి.గా నియమించెను.