తీర్పు వచ్చినది, రొక్కము రాలేదు

(గ్రంథాలయ సభయందు మేము గావించిన ప్రసంగ పాఠము)



వ్యాజ్యమున ఓడినవాడు కోర్టులోనే ఏడ్చెననియు, గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడ్చెననియు మనలో నొక సామెత గలదు. బాకీపడిన జీతము కొఱకు, పింఛను కొఱకు పోరాడి గెలిచిన ఉద్యోగుల పట్ల ఈ సామెత నేటికిని నిజమగుచున్నది. తీర్పు నకలు చేతనుండును. రొక్కము చేతికి రాదు. కార్యాలయమున కేగినచో దస్త్రము పైకి పోయినదని చెప్పుదురు. అప్పుడు వారు మావంటి న్యాయవాదుల కడకు వచ్చి, కోర్టు ధిక్కారము క్రింద దరఖాస్తు వేయుమని కోరుదురు. ఆ ఆయుధపు పదునెంతయో మనము తెలిసికొనవలెను.

మన పెద్దలు పింఛనును ఉపకారవేతనమనిరి. ఆ పేరు కొంత భ్రాంతి గలిగించుచున్నది. అది యెవరి ఉపకారమును గాదు. పింఛను దయాదానము గాదనియు, ఉద్యోగి ఆస్తియేననియు సుప్రీంకోర్టు 1971లోనే తీర్పు చెప్పినది. 2020లో కరోనా మహమ్మారి వచ్చినప్పుడు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము జీతములలోను పింఛనులలోను కొంత భాగమును వాయిదా వేసెను. విశ్రాంత జిల్లా న్యాయమూర్తి యొకరు హైకోర్టు నాశ్రయింపగా, నూటికి 12 వడ్డీతో చెల్లింపుమని ఉత్తర్వయ్యెను. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఆ వడ్డీని నూటికి 6కు తగ్గించెను. కాని చేసిన సేవకు జీతము పొందుట ఉద్యోగి హక్కని స్థిరపఱచెను.

హక్కు ఇంత స్పష్టమైనను, ఉత్తర్వును పాటింపనిచో గతియేమి? 1971 నాటి కోర్టు ధిక్కార చట్టము ప్రకారము, ఉత్తర్వును బుద్ధిపూర్వకముగా ఉల్లంఘించుట నేరము. దానికి ఆఱు నెలలకు మించని సాధారణ ఖైదు గాని, రెండువేల రూపాయలకు మించని జరిమానా గాని, రెండును గాని విధింపవచ్చును. ఇట్టి ఉల్లంఘనలకు జరిమానా చాలునని తోచినచో ఖైదు వేయరాదని ఆ చట్టమే చెప్పుచున్నది. న్యాయస్థానమునకు తృప్తి కలుగునట్లు క్షమాపణ చెప్పినచో శిక్ష తొలగిపోవచ్చును. ఆ జరిమానాలో నొక్క కాసైనను బాకీదారునికి రాదు.

ఇచట మనము గ్రహింపవలసిన దొకటి గలదు. ధిక్కార విచారణ న్యాయస్థానపు గౌరవమును కాపాడుటకు ఏర్పడినది. అప్పు వసూలు చేయుటకు గాదు. తొలి తీర్పులో లేని దానిని ధిక్కార విచారణలో క్రొత్తగా చేర్చుటకు వీలులేదని సుప్రీంకోర్టు 2014లో చెప్పినది. "నిబంధనల ప్రకారము పరిశీలింపుడు" అని మాత్రమే ఉత్తర్వున్నచో, అధికారి పరిశీలించి, నిరాకరించి, తాను పాటించితిననును. అప్పుడు ఉద్యోగి మరల మొదటికి రావలసినదే.

కావున ముందుచూపు తొలి వ్యాజ్యముననే యుండవలెను. ఎంత సొమ్ము, ఎంత వడ్డీ, ఏ తేదీలోపల, ఏ అధికారి చెల్లింపవలెనో ఉత్తర్వులో వ్రాయింపుమని మీ న్యాయవాదిని పట్టుబట్టి కోరుడు. ఉత్తర్వు వచ్చిన వెంటనే నకలును ఆ అధికారికి అందజేసి రసీదు భద్రపఱచుడు. ఉత్తర్వు తనకు తెలియదన్నవానిపై బుద్ధిపూర్వక ఉల్లంఘన నిరూపించుట కష్టము. ఉల్లంఘన జరిగిన దినము మొదలు ఒక సంవత్సరములోపల ధిక్కార చర్య ఆరంభము కావలెను. రేపు వచ్చును, మాపు వచ్చునను మాటలను నమ్మి ఆ గడువును పోగొట్టుకొన్న వృద్ధు లెందఱో కలరు.

అధికారులకును మా విన్నపమొకటి. మీరు జాగుచేసిన ప్రతి మాసమునకును వడ్డీ ఖజానానుండి, అనగా ప్రజల పన్నులనుండి, పోవుచున్నది. న్యాయమూర్తి యెదుట చేతులు జోడించి చెప్పు క్షమాపణ మీకు శిక్ష తప్పింపవచ్చును గాని, మందుల కొట్టులో బాకీపడిన వృద్ధుని అప్పు తీర్పదు. అప్పీలు చేయదలచితిరా, గడువులోపల చేయుడు. లేదా, సొమ్ము చెల్లింపుడు.

ఈ పఠనమందిరమునకు వచ్చు చదువరులారా! మీ వీథిలో తీర్పు కాగితము పట్టుకొని తిరుగుచున్న ముసలివారెవరైన నుండవచ్చును. వారి కాగితము చదివిపెట్టుడు. తేదీ లెక్కించి చెప్పుడు. అంతమాత్రము సాయమైనను మనమందఱమును చేయగలము.