పింఛను ఆగకముందే పేరు, ఖాతా సరిచూసుకొందాం

(పట్టణ షాదీఖానాలో జరిగిన విశ్రాంత ఉద్యోగులు, కుటుంబ పింఛనుదారుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ వేదికపై విద్యలో వెనుకబాటు గురించి, రిజర్వేషన్ల గురించి, వక్ఫ్ ఆస్తుల గురించి పెద్దలు మాట్లాడారు. మేము ఎంచుకొన్న విషయం వాటి ముందు చాలా చిన్నదిగా కనిపించవచ్చు. పింఛను కాగితాలలో బ్యాంకు వివరాలు సరిగా ఉన్నాయా లేదా అన్నదే మా విషయం. గుమాస్తాగా బతికినవాడికి గుమాస్తా సంగతులే తోస్తాయని మీరు నవ్వుకొన్నా మాకు అభ్యంతరం లేదు. అయితే ఈ చిన్న విషయం వల్ల ఒక ఇంట్లో పదకొండు నెలలు పొయ్యి సరిగా వెలగలేదు. ముందుగా ఆ సంగతి మనవి చేస్తాము.

మా వీధిలో ఒక పాఠశాల అటెండరు ఉండేవారు. పదవీ విరమణ చేసిన కొన్నేళ్లకు అల్లాహ్ పిలుపు అందుకొన్నారు. నిబంధనల ప్రకారం ఆయన భార్యకు కుటుంబ పింఛను రావాలి. ఆమె ఇద్దత్‌లో కూర్చున్నారు. నాలుగు నెలల పది రోజులు కాగితాలను ఎవరూ ముట్టలేదు. ఆ తరువాత దరఖాస్తు వెళ్లింది. మొదటిసారి పేరు సరిపోలేదని తిరిగి వచ్చింది. అది సరిచేసి పంపితే, ఖాతా ఉన్న బ్యాంకు మరో బ్యాంకులో కలిసిపోయిందనీ, పాస్‌బుక్కు మీది కోడ్ చెల్లదనీ రెండవసారి తిరిగి వచ్చింది. మూడవసారి ఆధార్‌లోని పుట్టిన తేదీ దగ్గర ఆగింది. ఈలోగా ఆమె చేతి గాజులు తాకట్టుకు వెళ్లాయి. ఇంటర్ చదువుతున్న చిన్న కుమారుడు మెకానిక్ షెడ్డులో పనికి కుదిరాడు. ఒకరోజు ఆమె మా గుమ్మం దగ్గర నిలబడి, "భాయ్‌జాన్, నా పేరు నాది కాదంటున్నారు. మరి నేనెవర్ని?" అని అడిగారు.

ఆ ప్రశ్నకు మేము తల దించుకోవలసి వచ్చింది. కారణం దాచము. ముప్పై ఏళ్లకు పైబడిన ఉద్యోగంలో కొంతకాలం పింఛను ఫైళ్లు మా బల్ల మీదుగానే వెళ్లాయి. "పేరు సరిపోలుట లేదు, సవరించి మరల సమర్పించవలెను" అనే వాక్యం మా చేతితో ఎన్నిసార్లు రాశామో లెక్క లేదు. నిబంధన ప్రకారం అది తప్పు కాదు. కానీ ఏ కాగితం తెస్తే ఆ లోపం తీరుతుందో ఆ వాక్యం కింద ఇంకొక పంక్తి రాసి ఉండవచ్చు. ఉన్న అభ్యంతరాలన్నీ ఒకేసారి చెప్పి ఉండవచ్చు. చాలాసార్లు అలా చేయలేదు. ఈరోజు మీ ముందు నిలబడటం ఒక విధంగా ఆ బాకీ తీర్చుకోవడానికే.

పింఛను ఎవరి దయ వల్లా వచ్చేది కాదని మొదట గుర్తుంచుకోవాలి. 1982 డిసెంబరు 17న డి.ఎస్. నకారా కేసులో సుప్రీంకోర్టు పింఛను బహుమానమో, యజమాని ఇష్టాన్ని బట్టి ఇచ్చేదో కాదనీ, చేసిన సేవకు ప్రతిగా లభించే హక్కనీ తేల్చి చెప్పింది. అందుకే డిసెంబరు 17ను పింఛనుదారుల దినంగా జరుపుకొంటున్నాము. అంతకు ముందే 1971లో దేవకీనందన్ ప్రసాద్ కేసులో పింఛను ఆస్తి హక్కు కిందకు వస్తుందని అదే న్యాయస్థానం పేర్కొన్నది. కాబట్టి ఖజానా కార్యాలయంలో నిలబడేటప్పుడు చేతులు కట్టుకోనక్కరలేదు. అయితే ఆ హక్కు ఇంటికి చేరేది కాగితం ద్వారానే. ఆ కాగితంలో పేరు, ఖాతా సంఖ్య, బ్యాంకు కోడ్ మూడూ సరిగా లేకపోతే, తీర్పు ఎంత గొప్పదైనా డబ్బు దారిలోనే ఆగిపోతుంది.

ఇక మన పేర్ల సంగతి చూద్దాం. ఆ సోదరి అసలు పేరు ఇక్కడ చెప్పము. ఉదాహరణకు ఖాదర్ బీ అనుకొందాం. పింఛను చెల్లింపు ఉత్తర్వులో, అంటే పి.పి.ఓ.లో, "ఎస్.కె. ఖాదర్ బీ" అని ఉంటుంది. ఆధార్‌లో "షేక్ ఖాదర్‌బీ". పాస్‌బుక్కులో "ఖాదర్ బేగం". ముగ్గురూ ఒకరేనని వీధి మొత్తానికి తెలుసు, కంప్యూటరుకు మాత్రం తెలియదు. ఉర్దూలో పలికే పేరును తెలుగులో విని, ఇంగ్లీషులో రాసేటప్పుడు ఒక్కొక్క గుమాస్తా ఒక్కొక్క విధంగా రాశాడు. మొహమ్మద్ ఒకచోట "ఎం.డి." అయింది, మరొకచోట "మహమ్మద్" అయింది. సయ్యద్, పఠాన్ ఒకచోట ఇంటిపేరుగా ముందుకు వస్తే, మరొకచోట చివరకు వెళ్లాయి. బీ, బీబీ, బేగం, ఖాతూన్ అన్నీ ఒకటేనన్నట్లు ఎవరికి తోచినది వారు చేర్చారు. పుట్టిన తేదీ తెలియని పెద్దలకు జనవరి 1 వేసి సరిపెట్టారు. ఇందులో ఎవరి దురుద్దేశమూ లేకపోవచ్చు, భారం మాత్రం మన ఇళ్ల మీదనే పడుతున్నది.

దీనికి మా అనుభవంలో ఒక పద్ధతి ఉన్నది. అన్నింటికన్నా మార్చడానికి కష్టమైన కాగితం పి.పి.ఓ. దానిలో సవరణ కావాలంటే దరఖాస్తు పింఛను మంజూరు చేసిన కార్యాలయం ద్వారా పైకి వెళ్లి, ఉత్తర్వుగా తిరిగి రావాలి. కాబట్టి అందులోని పేరు సరిగా ఉన్నట్లయితే దానినే ప్రమాణంగా తీసుకొని, బ్యాంకులోను, ఆధార్‌లోను ఆ పేరే ఉండేలా చూసుకోవాలి. ఆధార్‌లో పేరును జీవితకాలంలో 2 సార్లు మాత్రమే మార్చుకోనిస్తారు గనుక తొందరపడి మీసేవ కేంద్రానికి పరుగెత్తకుండా, ఏ అక్షరాలు కావాలో ముందే కాగితం మీద రాసుకొని వెళ్లాలి. పి.పి.ఓ.లోనే భార్య పేరు తప్పు ఉంటే, పింఛనుదారుడు జీవించి ఉండగానే స్వయంగా దరఖాస్తు చేయాలి. భర్త సంతకంతో తేలికగా అయ్యే పని, భర్త పోయిన తరువాత భార్యకు కొండ ఎక్కినంత పని అవుతుంది. ఉద్యోగంలో ఉన్నవారు సర్వీసు రిజిస్టరులోని కుటుంబ వివరాలను ఇప్పుడే తెరిచి చూసుకోవాలి.

తరువాతిది బ్యాంకు విషయం. 1941లో నిజాం కాలంలో పుట్టిన స్టేట్ బ్యాంక్ ఆఫ్ హైదరాబాదు 2017 ఏప్రిల్ 1న భారతీయ స్టేట్ బ్యాంకులో కలిసింది. భోగరాజు పట్టాభి సీతారామయ్యగారు 1923లో మచిలీపట్నంలో స్థాపించిన ఆంధ్రా బ్యాంకు, కార్పొరేషన్ బ్యాంకుతో పాటు 2020 ఏప్రిల్ 1న యూనియన్ బ్యాంకులో విలీనమైంది. అదే రోజున సిండికేట్ బ్యాంకు కెనరా బ్యాంకులో కలిసింది. అంతకు ముందు ఏడాది విజయా బ్యాంకు, బ్యాంక్ ఆఫ్ బరోడాలో కలిసింది. 2025లో మన గ్రామీణ బ్యాంకులు కూడా రాష్ట్రానికి ఒకటిగా మారాయి. మన పెద్దలలో ఎక్కువమంది పింఛను ఖాతాలు ఈ బ్యాంకులలోనే ఉండేవి. ఇప్పటికీ పాత పాస్‌బుక్కునే సంచిలో దాచుకొన్నవారు ఈ సభలో కూడా ఉంటారు.

ప్రతి బ్యాంకు శాఖకు ఐ.ఎఫ్.ఎస్.సి. అనే 11 అక్షరాల గుర్తు ఉంటుంది. మొదటి నాలుగు అక్షరాలు బ్యాంకును, ఐదవ స్థానంలోని సున్నా తరువాత వచ్చే ఆరు గుర్తులు శాఖను తెలుపుతాయి. బ్యాంకు మారితే ఈ కోడ్ మారుతుంది. శాఖను మరో శాఖలో కలిపినా మారవచ్చు. పాత కోడ్‌తో పంపిన సొమ్ము తిరుగు ముఖం పట్టే ప్రమాదం ఉన్నది. కాబట్టి కొత్త పాస్‌బుక్కు తీసుకొని, దాని మొదటి పుటను మీ పి.పి.ఓ. వివరాలతో సరిచూడండి.

ఖాతా మార్చుకొనేవారు చేసే పెద్ద పొరపాటు ఒకటి ఉన్నది. కొత్త ఖాతా తెరిచి, పాతది మూసివేసి, ఆ తరువాత తీరికగా ఖజానాకు వెళతారు. ఈ వరుస తలకిందులు కావాలి. రాష్ట్ర ప్రభుత్వ పింఛనుదారులైతే మీ ఉపఖజానా కార్యాలయంలో, కేంద్ర పింఛనుదారులైతే పింఛను చెల్లించే బ్యాంకు ద్వారా, సైనిక పింఛనుదారులైతే స్పర్శ్ వ్యవస్థలో మార్పు కోరాలి. దరఖాస్తులో పి.పి.ఓ. సంఖ్య, పాత ఖాతా, కొత్త ఖాతా, కొత్త కోడ్ స్పష్టంగా రాసి, పాస్‌బుక్కు మొదటి పుట నకలు, రద్దు చేసిన చెక్కు, ఆధార్ నకలు జతచేయాలి. రెండవ ప్రతి మీద కార్యాలయపు ముద్ర, తేదీ వేయించుకోకుండా కదలకండి. మొదటి నెల పింఛను కొత్త ఖాతాలో పడినట్లు పాస్‌బుక్కులో అచ్చయిన తరువాతనే పాత ఖాతా మూయండి. కంపెనీలలో, మిల్లులలో పనిచేసి భవిష్యనిధి పింఛను పొందుతున్నవారికి 2025 జనవరి నుండి దేశంలో ఏ బ్యాంకులోనైనా, ఏ శాఖలోనైనా పింఛను తీసుకొనే వీలు కలిగింది. వారికీ పేరు, ఖాతా సరిపోలవలసిన అవసరం తప్పలేదు.

ఏటా ఇచ్చే జీవన ధ్రువపత్రం మరువకండి. కేంద్ర పింఛనుదారులకు అది నవంబరు నెల, 80 ఏళ్లు దాటినవారికి అక్టోబరు 1 నుండే అవకాశం. రాష్ట్ర పింఛనుదారులు ఖజానా శాఖ ప్రకటించే గడువును పాటించాలి. వేలిముద్రలు అరిగిపోయిన వృద్ధులకు ముఖాన్ని చూపి ధ్రువీకరించే విధానం 2021 నుండి అందుబాటులో ఉన్నది. తపాలా ఉద్యోగి ఇంటికి వచ్చి చేసే సౌకర్యం కూడా ఉన్నది. 70 ఏళ్లు దాటినవారికి, నడవలేనివారికి ఇంటి వద్దనే కనీస సేవలు అందించాలని రిజర్వు బ్యాంకు 2017 నవంబరులో బ్యాంకులను ఆదేశించింది. బ్యాంకు తప్పిదంతో పింఛను ఆలస్యమైతే ఏడాదికి 8 శాతం చొప్పున పరిహారం చెల్లించాలన్న ఆదేశమూ ఉన్నది. ఈ సంగతులు తెలిసి అడిగే గొంతుకూ, తెలియక బతిమాలే గొంతుకూ కౌంటరు దగ్గర ఎంత తేడా ఉంటుందో అవతలి వైపు కూర్చున్నవారిగా మాకు తెలుసు.

ఖజానా నుండి మాట్లాడుతున్నామని చెప్పి, మీ పి.పి.ఓ. సంఖ్య, పదవీ విరమణ తేదీ కూడా సరిగా చెప్పి, చివరకు ఓ.టి.పి. అడిగే మోసగాళ్లు బయలుదేరారు. ఏ ఖజానా అధికారీ, ఏ బ్యాంకు అధికారీ ఓ.టి.పి. అడగరు. మోసపోతే సిగ్గుపడి దాచుకోకుండా వెంటనే 1930కు ఫోను చేయండి.

ఇంకొక మాట చెప్పకుండా ఉండలేము. పింఛనుదారుడు మరణించిన తరువాత కూడా ఒకటి రెండు నెలలు ఆయన ఖాతాలో సొమ్ము పడవచ్చు. పిల్లలు ఏ.టి.ఎం. కార్డుతో దానిని తీసుకొంటున్నారు. అది మనది కాని సొమ్ము. ప్రభుత్వం దానిని తిరిగి రాబడుతుంది, ఆ లెక్క తేలేదాకా తల్లి కుటుంబ పింఛను కూడా చిక్కుల్లో పడుతుంది. అమానత్ అనే మాటకు అర్థం తెలిసిన మనం మరణవార్తను వెంటనే రాతపూర్వకంగా తెలపాలి.

ఇద్దత్ విషయానికి వస్తాము. ఆ సోదరి ఇంట్లో నాలుగు నెలల పది రోజులు కాగితాలు కదలకపోవడానికి ధర్మం కారణం కాదు, మన తెలియనితనమే కారణం. దరఖాస్తు ఇంట్లోనే నింపవచ్చు. సంతకమో, వేలిముద్రో ఇంట్లోనే తీసుకోవచ్చు. కుమారుడో, సోదరుడో కాగితాలు అందజేయవచ్చు. తప్పనిసరిగా స్వయంగా హాజరు కావలసి వస్తే ఏమి చేయాలో స్థానిక ఆలిమును అడగండి. ప్రభుత్వానికి, బ్యాంకులకు మన విన్నపం ఒక్కటే. వృద్ధులకు, వికలాంగులకు ఇస్తున్న ఇంటి వద్ద సేవను ఇద్దత్‌లో ఉన్న వితంతువుకు కూడా వర్తింపజేయాలి. పేరులో అక్షరాల తేడాకు ఫైలు తిప్పి పంపేటప్పుడు అభ్యంతరాలన్నీ ఒకేసారి, పరిష్కారంతో సహా రాయాలి. ఇది ప్రత్యేక రాయితీ కాదు, ఏ మతపు వితంతువుకైనా మేలు చేసే పద్ధతి.

మస్జిద్ కమిటీ పెద్దలకు మరొక విన్నపం. నెలకు ఒక శుక్రవారం జుమా నమాజు తరువాత ఒక బల్ల, రెండు కుర్చీలు వేయించండి. మాలాంటి విశ్రాంత గుమాస్తాలు నలుగురు కూర్చుంటాము. పి.పి.ఓ., ఆధార్, పాస్‌బుక్కు తెచ్చినవారికి మూడింటినీ పక్కపక్కన పెట్టి సరిచూసి, ఎక్కడ సవరించాలో రాసిస్తాము. రుసుము లేదు. మతం అడగము.

ఇక్కడ కూర్చున్న భర్తలారా, ఈ రాత్రి ఇంటికి వెళ్లి మీ పి.పి.ఓ. ఎక్కడ ఉన్నదో మీ భార్యకు చూపించండి. ఖాతా ఏ శాఖలో ఉన్నదో చెప్పండి. ఆమె పేరు అందులో ఎలా రాసి ఉన్నదో ఆమెకే చదివి వినిపించండి. మనకు సర్వీసులో వచ్చిన ప్రతి ఇంక్రిమెంటు గుర్తుంటుంది, ఆమె పేరులోని అక్షరాలు మాత్రం గుర్తుండవు.

ఆ సోదరికి పదకొండవ నెల తరువాత బకాయిలతో సహా పింఛను వచ్చింది. గాజులు విడిపించుకొన్నారు. కుమారుడు మాత్రం తిరిగి కాలేజీకి వెళ్లలేదు. ఆ ఏడాది చదువును ఏ ఖజానా తిరిగి చెల్లించగలదు? ఇంకొక ఇంట్లో అలా జరగకుండా చూసే శక్తిని, ఓపికను అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక. ఆమీన్.