దృశ్యభాండాగారము - ఫ్రాన్సు దేశపు చలనచిత్రములు
(గ్రంథాలయ రజతోత్సవ సభలోని ఉపన్యాసము)



గ్రంథము బీరువాలో నిలుచును. కోరిన దినమున మరల చేతికి వచ్చును. టెలివిజనులో కనబడిన దృశ్యమో, క్షణమున మాయమగును. దానిని దాచువారెవరు? దాచినదానిని మరల చూపువారెవరు? ఈ ప్రశ్నలకు ఫ్రాన్సు దేశము చెప్పిన సమాధానము గ్రంథాలయాభిమానులు తెలిసికొనదగినది.

ఆ దేశపు రాజు మొదటి ఫ్రాన్స్వా, అచ్చయిన ప్రతి గ్రంథమునుండి ఒక ప్రతిని రాజగ్రంథాలయమున కీయవలెనని 1537లోనే శాసించెను. రేడియోకును టెలివిజనుకును ఈ నియమము 1992 నాటి చట్టముతో వర్తించెను. అంతకుమున్నే, 1964లో ఏర్పడిన ఓ.ఆర్.టి.ఎఫ్. అను ప్రభుత్వ ప్రసారసంస్థ 1974 చివర రద్దయి ఏడు సంస్థలుగా చీలెను. వానిలో ‘ఇనా’ అనుదానికి పాత ప్రసారములను కాపాడు పని అప్పగింపబడెను. అన్నదమ్ములు ఇల్లు పంచుకొన్నను దస్తరము చెదరకుండ ఒకరిచేత నుంచినట్లయ్యెను.

అట్లు పుట్టిన మఱియొక సంస్థ ఆంటెన్ 2. అంతర్జాతీయ మహిళా సంవత్సరమైన 1975 ముగియుచుండగా, డిసెంబరు 30న అది బెర్నార్ పివో నిర్వహించిన కార్యక్రమము నొకదానిని ప్రసారము చేసెను. స్త్రీల స్థితిగతుల శాఖను చూచుచున్న ఫ్రాన్స్వాజ్ జిరూ అందు అతిథి. స్త్రీలను గూర్చి కొందఱు పురుషులు చులకనగా పలికిన పలుకులను ఆమె పలుచోట్ల చిఱునవ్వుతో సరిపుచ్చెను.

నటీమణి డెల్ఫిన్ సేరిగ్, కరోల్ రూసోపులోస్, యోనా వీడెర్, నాద్యా రేంగార్ అను నలుగురు స్త్రీలు ఆ ప్రసారమును వీడియో యంత్రముతో పట్టి, 1976లో ‘మాజో ఎ మీజో’ అను పేరుతో మొదలగు చిత్రమును కూర్చిరి. దృశ్యమును నడుమ నడుమ ఆపిరి. ఒక్కొక్క మాటను మరల మరల వినిపించిరి. చేతివ్రాత పలకలతో ఎదురు ప్రశ్నలు వేసిరి. వినోదముగా సాగిన సంభాషణమే విచారణగా మాఱెను. వీరిలో సేరిగ్, రూసోపులోస్, వీడెర్ 1982లో పారిసు నగరమున సిమోన్ ద బోవ్వార్ పేర దృశ్యకేంద్రము నొకదానిని స్థాపించిరి. పాతదానిని వాడుకొన్నవారే దాచువారును అయిరి.

క్లోద్ షబ్రోల్ 1993లో తీసిన ‘విషీ నేత్రము’ వేఱొక తెఱగు. జర్మనుల యాక్రమణ కాలమున, 1940 మొదలు 1944 వఱకు ప్రజలకు చూపబడిన ప్రచార వార్తాచిత్రములనే ఆయన వరుసగా కూర్చెను. 1942 జూలైలో ఫ్రెంచి పోలీసులు పారిసు ప్రాంతమున రెండు దినములలో సుమారు 13,000 మంది యూదులను నిర్బంధించిరి. నాటి వార్తాచిత్రములలో ఆ దృశ్యము కానరాదు. కావున దాచిన చిత్రము సత్యమంతయు కాదు. కాని అసత్యమును పట్టుకొనుటకైనను అది మిగిలి యుండవలెను.

కత్తిరించి కూర్చువారు న్యాయము చేయవచ్చును, అన్యాయమును చేయవచ్చును. జిరూ పలుకులలో తమకు వలసినవానినే ఎత్తిచూపిరని ఎవరైన నాక్షేపించినచో, తీర్పరి యెవరు? మూలప్రసారమే. అది చెక్కుచెదరక యుండి, అందఱికి అందుబాటులో నున్ననాడే వాదము తేలును. 2006లో ఇనా సంస్థ తన భాండాగారములో కొంతభాగమును అంతర్జాలమున ప్రజలకు తెఱచుట ఇందుచేతనే మేలైన పని.

గ్రంథాలయధర్మమును ఇదియే. మెచ్చినదానిని మెచ్చనిదానిని సమముగ కాపాడి, అడిగినవారి చేతికిచ్చి, తీర్పును చదువరికి విడువవలెను.