భూగర్భంలో అడవి దాగునా?

(ప్లాటినమ్ జూబిలీ సభలో ఒక పూర్వ విద్యార్థి చేసిన ప్రసంగ పాఠం)

 

నిన్న మన విజ్ఞాన ప్రదర్శనలో ఏడవ తరగతి బాలిక ఒకతె నన్నొక ప్రశ్న అడిగినది. “అడవులన్నీ నశించేలోగా వాటిని భూమి లోపలికి తరలించి దాచలేమా?” అని. రాత్రి గుడియాత్తం చేరేవరకు ఆ ప్రశ్న నన్ను వదలలేదు. అందుచేత వ్రాసుకొని వచ్చిన ఉపన్యాసాన్ని పక్కన పెట్టి దానికే సమాధానం చెప్పదలచినాను.

తనంత తానే భూమిలోకి పోయిన అడవి ఒకటి మనకు సమీపంలోనే ఉన్నది. విళుప్పురం జిల్లాలోని తిరువక్కరైలో దాదాపు రెండు కోట్ల సంవత్సరాల నాటి మహావృక్షాలు శిలలై పడి ఉన్నాయి. ఫ్రెంచి ప్రకృతి శాస్త్రవేత్త సొనెరా 1781లోనే వాటిని గురించి వ్రాసినాడు. ఆ మానులకు వేళ్లు లేవు, కొమ్మలు లేవు, బెరడు లేదు. కనుక అవి అక్కడ పెరిగినవి కావనీ, ఎక్కడినుండో వరదలో కొట్టుకొని వచ్చి ఇసుకలో పూడిపోయినవనీ పండితులు నిర్ణయించినారు. అడవి స్థలం మారినది, భూగర్భం చేరినది. కాని ప్రాణం మాత్రం మిగలలేదు.

ప్రాణంతో దాచే ప్రయత్నం మన కాలంలో జరిగినది. నార్వే దేశపు స్వాల్‌బార్డ్ ద్వీపసమూహంలో కొండ లోపలికి నూరు మీటర్లకు పైగా సొరంగం తొలిచి, 2008 ఫిబ్రవరి 26న ప్రపంచ విత్తన భాండారాన్ని తెరచినారు. బాగా ఆరబెట్టిన గింజలను గాలి చొరని పొట్లాలలో మూసి, సున్నాకు 18 డిగ్రీల దిగువ శీతలంలో ఉంచుతారు. మొదట పంటల విత్తనాలే చేరినా, 2015లో స్ప్రూస్, పైన్ వంటి అడవి చెట్ల గింజలు కూడ అందులో ప్రవేశించినవి. సిరియా యుద్ధం కారణంగా అలెప్పో వద్ద తమ విత్తన నిధికి దూరమైన శాస్త్రజ్ఞులు అదే సంవత్సరం తాము దాచుకొన్నవాటిని వెనుకకు తీసుకొని, విత్తి, 2017లో కొత్త గింజలను తిరిగి అప్పగించినారు. ఇంగ్లండులోని వేక్‌హర్స్ట్ వద్ద 2000లో వెలసిన నేలమాళిగ ప్రధానంగా అడవి మొక్కల కోసమే. మన దేశంలో లదాఖ్‌లోని చాంగ్‌లా కనుమ వద్ద కూడ ఇటువంటి శీతల నిలయం ఉన్నది.

అయితే అన్ని గింజలూ ఈ నిద్రకు ఒప్పుకోవు. మామిడి టెంకను, పనస గింజను ఆరబెడితే చచ్చిపోతాయి. వేపగింజ మామూలుగా కొద్ది వారాలలోనే మొలకెత్తే శక్తిని చాలావరకు కోల్పోతుంది. పైగా ఉష్ణమండలపు అడవులలో ఇటువంటి గడుసు గింజలు చాలా ఉన్నవి. ఇక గింజలన్నీ దాచినామనే అనుకొందాం. వేళ్లను అంటిపెట్టుకొని బ్రతికే శిలీంధ్రాలను ఎక్కడ పెడతాం? 1980లలో తమిళ, కన్నడ సీమల నుండి పలమనేరు ప్రాంతపు కౌండిన్య అడవులకు తమంతట తామే వలస వచ్చిన ఏనుగులను ఏ పొట్లంలో మూస్తాం?

మరొక చిక్కు. దాచిన గింజలు కూడ ఏండ్లు గడిచేకొద్దీ బలహీనపడతాయి. అప్పుడప్పుడు బయటికి తీసి, విత్తి, కొత్త గింజలు పట్టుకోవలసిందే. ఈ సంగతి చెప్పేటప్పుడు నాకు మన తెలుగు గుర్తుకు వస్తుంది. 2006 నాటి చట్టంతో మన రాష్ట్రంలో తమిళం తప్పనిసరి పాఠ్యభాష అయినది. తమిళం నేర్వడం మనకు నష్టం కాదు, మనకు నీడనిచ్చిన నేల భాష అది. నా దిగులు వేరు. గ్రంథాలయం బీరువాలో తెలుగు పుస్తకాలు భద్రంగానే ఉన్నవి. ఇంటిలో మనుమడితో తెలుగులో మాట్లాడే తాతలు ఎందరున్నారు? ఇది తల్లిదండ్రులు నొచ్చుకొనే మాటే అయినా అనక తప్పలేదు.

మళ్లీ అడవికి వద్దాం. మనవారు చెమ్మరమనే ఎర్రచందనం ప్రపంచం మొత్తంలో తూర్పు కనుమల దక్షిణ భాగంలోనే సహజంగా పెరుగుతుంది. శేషాచలం, కడప, నెల్లూరు, చిత్తూరు కొండలు, మన వైపు కొన్ని గుట్టలు దాని పుట్టిళ్లు. 1995 నుండి అంతర్జాతీయ వాణిజ్య నియంత్రణలో ఉన్నా దొంగ నరుకుడు ఆగలేదు. 2015 ఏప్రిల్ 7న శేషాచలంలో పోలీసుల కాల్పులలో తమిళనాటి కూలీలు ఇరవై మంది మరణించినారు. దుంగ ధర సముద్రాల ఆవల పలికినది, ప్రాణాలు ఇక్కడి పల్లెలవి పోయినవి. ఈ చెట్టు గింజను ఏ నేలమాళిగలో దాచినా, ఆ రాతి గుట్ట, ఆ ఎండ, ఆ కుటుంబాలకు మరొక జీవనోపాధి బయట ఉండవలసినవే.

కనుక, అమ్మాయీ, నీ ప్రశ్నకు నా జవాబు ఇది. గింజలను కొంతవరకు దాచవచ్చును, దాచవలెను. అడవిని మాత్రం దాని చోటనే ఉంచుకోవలెను.

ఈ సంవత్సరం మన ఆవరణలో నాటడానికి ఎర్రచందనం మొక్కలు కొనవద్దని ప్రధానోపాధ్యాయులవారిని కోరుతున్నాను. పిల్లలే పెంచాలి. అనుమతి ఉన్న నర్సరీ నుండి కాయలు తెప్పిస్తాను. అవి గుండ్రని రెక్క గల చప్పిడి కాయలు, లోపల సాధారణంగా ఒకే గింజ. పేడనీళ్లలో నానబెట్టి విత్తవలెను. సగం కూడ మొలవకపోవచ్చు. మొలవనివాటిని కూడ లెక్క వ్రాసి ఉంచండి.