జాబితా దగ్గర మొదలయ్యే వ్యాజ్యం



ప్రభుత్వ నర్సుల చరిత్ర రాయబూనేవారు వార్డుల్లోకి వెళ్తారు, నర్సింగ్ స్కూళ్ల రికార్డులు తిరగేస్తారు. ఆ నర్సులు కోర్టు మెట్లెక్కి తెచ్చుకున్న తీర్పుల జోలికి వెళ్లేవారు తక్కువ. పదోన్నతి, పోస్టింగు, బదిలీల మీద నడిచిన వ్యాజ్యాలను వదిలేసి రాస్తే ఆ ఉద్యోగి జీవితం సగమే కనిపిస్తుంది. అందుకే ఈ సభ ముందు మొదట పెట్టవలసింది ఒక మామూలు ఆఫీసు కాగితం, సీనియారిటీ జాబితా.

సూపరింటెండెంటు కార్యాలయం గోడకు తాత్కాలిక జాబితా అంటించిన రోజు నైట్ డ్యూటీ దిగిన స్టాఫ్ నర్సులు ఇంటికి వెళ్లకుండా అక్కడే నిలబడిపోతారు. క్రమసంఖ్య, పేరు, పుట్టిన తేదీ, ఎంపికలో ర్యాంకు, విధుల్లో చేరిన తేదీ, సర్వీసు క్రమబద్ధమైన తేదీ, చివర్లో రిమార్కులు. గడి వెంట గడి వేలు పెట్టి చదువుకుంటారు. ఒకే నోటిఫికేషన్‌లో ఎంపికైన ఇద్దరిలో మెరిట్ ఎక్కువున్నామె ప్రసవం వల్ల ఆలస్యంగా చేరి ఉంటుంది. మరొకామె ఏళ్ల తరబడి కాంట్రాక్టు మీద పనిచేసి తర్వాత రెగ్యులర్ అయి ఉంటుంది. ఏ తేదీని లెక్కలోకి తీసుకోవాలి? అభ్యంతరాలకు ఇచ్చిన గడువులోగా సర్వీసు రిజిస్టరు నకలు జతచేసి అర్జీ పెట్టుకోవాలి. రెండు షిఫ్టుల మధ్య ఆ పని చేయగలిగినవారు చేస్తారు, మిగిలినవారు తుది జాబితా వచ్చాక వకీలును వెతుక్కుంటారు.

ఒక్క అంకె తేడాకు ఇంత పోరాటమా అని అడగడం అన్యాయం. స్టాఫ్ నర్సు, హెడ్ నర్సు, గ్రేడ్-2 సూపరింటెండెంటు, గ్రేడ్-1 సూపరింటెండెంటు అన్నవి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో స్థిరపడిన మెట్లు. తెలంగాణలో ఇప్పుడు స్టాఫ్ నర్సును నర్సింగ్ ఆఫీసర్ అంటున్నారు. పిలుపు మారినా పై మెట్టు మీద పోస్టులు కొద్దే. ఒక ఏడాది ప్యానెల్‌లో, అంటే పదోన్నతికి ఎంపికైనవారి జాబితాలో, పేరు తప్పిపోతే ఆ నష్టం పింఛను దాకా వెంటాడుతుంది.

ఈ నేల మీద ఇంకో చిక్కుంది. 1973 నాటి 32వ రాజ్యాంగ సవరణతో 371-డి అధికరణం, దాని కింద 1975లో రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి. ఉద్యోగాలు జిల్లా, జోన్ వారీ లోకల్ కేడర్లుగా విడిపోయాయి. స్టాఫ్ నర్సు పోస్టు జోనల్ కేడర్. అంటే జోన్ మారితే సీనియారిటీ కూడా మారుతుంది. తెలంగాణకు 2018లో ఏడు జోన్లు, రెండు మల్టీ జోన్లతో కొత్త ఉత్తర్వు వచ్చింది. 2021 డిసెంబరులో 317 జీవోతో ఉద్యోగుల కేటాయింపు మొదలవగానే అన్ని శాఖల నుంచీ హైకోర్టులో పిటిషన్లు పడ్డాయి. భార్య ఒక జోన్‌కు, భర్త ఇంకో జోన్‌కు వెళ్లిన ఇళ్లలో సీనియారిటీ అంటే పిల్లల బడి ఎక్కడ అన్న ప్రశ్నే.

బదిలీల విషయంలో కోర్టు నుంచి పెద్దగా ఊరట ఆశించలేం. 1991లో బీహార్ ఉపాధ్యాయినుల కేసులో (శిల్పి బోస్ కేసు) సుప్రీంకోర్టు ఆ మాట తేల్చేసింది. చట్టబద్ధమైన నిబంధనను ఉల్లంఘిస్తేనో, దురుద్దేశం రుజువైతేనో తప్ప బదిలీలో జోక్యం చేసుకోరాదంది. వివాదం పదోన్నతిదైతే వాదించడానికి చోటు ఎక్కువ. ఆ చోటూ ఇటీవల కుంచించుకుపోయింది. నర్సుల సంఘాలు దీన్ని తగినంత పట్టించుకున్నట్టు లేదు.

ఆ కుంచించుకుపోవడం వెనుక కథ మన రిజిస్ట్రేషన్ శాఖలోనే మొదలైంది. 1976లో సబ్ రిజిస్ట్రారు పోస్టులకు వేయాల్సిన ప్యానెల్ ఆలస్యమైంది. ఈలోగా, 1977లో, నిబంధన మారి లోయర్ డివిజన్ క్లర్కులకు దారి మూసుకుపోయింది. వై.వి. రంగయ్య కేసులో 1983లో సుప్రీంకోర్టు, పాత ఖాళీలను పాత నిబంధనల ప్రకారమే నింపాలంది. దాదాపు నలభై ఏళ్లు ఏ శాఖ ఉద్యోగికైనా ఆ తీర్పే అండ. 2022 మేలో హిమాచల్ ప్రదేశ్‌కు చెందిన రాజ్ కుమార్ కేసులో అదే న్యాయస్థానం దాన్ని తోసిపుచ్చింది. పరిశీలన నాటికి అమల్లో ఉన్న నిబంధనే వర్తిస్తుందన్నది ఇప్పటి సూత్రం. ఖాళీ ఏర్పడిన తేదీ నుంచే పదోన్నతి అడగలేమని 1989లోనే కె.కె. వదేరా కేసు చెప్పింది. రెండూ కలిపి చదివితే ప్యానెల్ ఆలస్యానికి మూల్యం చెల్లించేది నర్సే, ఆలస్యం చేసిన కార్యాలయం కాదు.

కేసు గెలిచినా పోయిన సర్వీసు తిరిగి రాదు. సికింద్రాబాద్ మిలిటరీ ఆసుపత్రిలో లెఫ్టినెంట్‌గా ఉన్న మిలిటరీ నర్సింగ్ సర్వీసు అధికారిణిని పెళ్లి చేసుకున్నందుకు 1988లో ఇంటికి పంపేశారు. సెలీనా జాన్ కేసుగా అది సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 2024 ఫిబ్రవరిలో ఆ తొలగింపు చట్టవిరుద్ధమని తేలింది, 60 లక్షల రూపాయల పరిహారం ఇమ్మన్నారు. పెళ్లి కారణంగా తీసేసే ఆ నిబంధన 1995లోనే రద్దయింది. ఆమె ఎక్కవలసిన ర్యాంకులు మాత్రం తిరిగి రాలేదు.

ఉమ్మడి రాష్ట్ర సర్వీసు నిబంధనల్లో ప్యానెల్ సంవత్సరం సెప్టెంబరు 1న మొదలై ఆగస్టు 31న ముగుస్తుంది. కాబట్టి ఏటా ఆగస్టులోగా ప్రతి జోన్‌లో తుది సీనియారిటీ జాబితా వెలువడాలని, అభ్యంతరాన్ని తిరస్కరిస్తే కారణం రాసివ్వాలని ఈ సభ తీర్మానించాలి. పరిశోధకులు చేయాల్సింది వేరే ఉంది. కాలం చెల్లిన జాబితాలు ఆఫీసుల్లో మూటల కింద నలిగి చినిగిపోతున్నాయి. రిటైరైన నర్సులు తమ నకళ్లను భద్రంగా దాచుకున్నారు. వాటిని అడిగి తెచ్చి, జోన్ వారీగా, ఏడాది వారీగా పక్కపక్కన పెట్టి, ఏ జాబితా ఎన్నేళ్లు ఆలస్యమైందో, ఆ మధ్యలో ఎందరు పదోన్నతి లేకుండానే రిటైరయ్యారో తేల్చే పని వచ్చే సదస్సు నాటికి మొదలవ్వాలి.