సున్నపురాతిని తూకముతో పరీక్షించుట



కడపసీమలో సున్నపురాతిని ఎరుగనివారు లేరు. మన యిండ్ల నేలపై పరచిన నల్లబండ ఆ జాతిదే. ఎఱ్ఱగుంట్ల, చిలమకూరు ప్రాంతములందలి సిమెంటు కార్ఖానాలు ఆ రాతిని నమ్ముకొనియే వెలసినవి. 1872వ సంవత్సరమున విలియం కింగ్ అను భూగర్భశాస్త్రజ్ఞుడు కడప, కర్నూలు శిలలనుగూర్చి ఒక గ్రంథము ప్రకటించెను. మన నార్జి పేరును, వేంపల్లె పేరును శాస్త్రజ్ఞులు రెండు శిలాశ్రేణులకు పెట్టియున్నారు. వీనికి గల భేదము మనకు చివర పనికివచ్చును.

ఇట్టి వివాదము మీ యెదుటికి వచ్చినదనుకొనుడు. సున్నము కొన్నవాడు ‘ఇందులో కాలని రాయి యున్నది, నాకు రాతిని అమ్మినాడు’ అనును. బట్టీవాడు ‘నేను చక్కగా కాల్చితిని, ఇతడే తేమగాలిలో నెలదినములు పడవేసినాడు’ అనును. ఇరువురును ప్రమాణము చేయుటకు సిద్ధము. అట్టి తగవును త్రాసుతో తీర్చుటెట్లో మనవిచేసెదను.

స్వచ్ఛమైన సున్నపురాతిని 100 గ్రాములు తీసికొని బాగుగా కాల్చినచో 56 గ్రాముల సున్నము మిగులును. తక్కిన 44 గ్రాములు బొగ్గుపులుసు వాయువై పోవును. స్కాట్లండు దేశీయుడగు జోసఫ్ బ్లాక్ అను వైద్యుడు ఈ విషయమును తూకముతో నిరూపించి 1756లో ప్రకటించెను. ఆయన వెదకినది మూత్రాశయమందలి రాతికి మందు; దొరికినది రసాయనశాస్త్రమునకు పునాది.

ఈ 44 అను సంఖ్యయే మనకు కొలబద్ద. రాతిలో ఇసుక కలిసియున్నదనుకొందము. ఇసుక ఎంత కాల్చినను బరువు తగ్గదు. కావున 100 గ్రాముల రాయి 33 గ్రాములు మాత్రమే తగ్గినచో, 33ను 100తో హెచ్చించి 44తో భాగించిన 75 వచ్చును. అందు నూటికి 75 పాళ్లు సున్నపురాయి, 25 పాళ్లు ఇసుక. అట్లే సున్నములో కాలని రాయి యున్నచో, ఆ సున్నమును తిరిగి కాల్చి చూడవలెను. కాలిన సున్నము తగ్గదు, కాలని రాయి తగ్గును. 100కి 11 తగ్గినచో 25 పాళ్లు రాయి యన్నమాట.

అయితే ఇంతటితో తీర్పు చెప్పుట తొందరపాటు. సున్నము గాలిలోని తేమను పీల్చి తడిసున్నమగును. ఆ తడిసున్నమును కాల్చినను బరువు తగ్గును. 100కి సుమారు 24 గ్రాముల నీరు ఆవిరియై పోవును. 11 గ్రాముల తగ్గుదల యంతయు ఆ నీటిదే యైనచో, అది 45 పాళ్ల తడిసున్నమే కాని రాయి కాదు. బట్టీవాడు నిరపరాధి! ఒకే లెక్కతో ఒకనిని దొంగనుగా చేయనూవచ్చును, దొరనుగా చేయనూవచ్చును.

దీనికి ఉపాయము రెండుసార్లు కాల్చుట. తడిసున్నములోని నీరు సుమారు 550 డిగ్రీల వేడికి, అనగా మూస మసక యెరుపు తిరుగునప్పటికి పోవును. రాతిలోని వాయువు పూర్తిగా పోవుటకు 900 డిగ్రీలు దాటవలెను. బంగారము 1064 డిగ్రీలకు కరగును గనుక స్వర్ణకారుని కొలిమి యీ పనికి చాలును. ఆయన త్రాసును చాలును. ఒక ఉదాహరణము: 100 గ్రాముల సున్నము మసక యెరుపులో 8.5 గ్రాములును, తరువాత గట్టి మంటలో 2.2 గ్రాములును తగ్గెను. మొదటిదానినిబట్టి తడిసున్నము 35 పాళ్లు, రెండవదానినిబట్టి రాయి 5 పాళ్లు, మిగిలిన 60 మంచి సున్నము. ఆ 5 పాళ్లయినను బట్టీవాని తప్పనుటకు వీలులేదు. తడిసున్నము గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చి మరల రాయిగా మారుచుండును. గడ్డను పగులగొట్టి చూడుడు. నడుమ గట్టి గుండు కనబడిన బట్టీలోని లోపము. పైపొరయే గట్టిపడియున్న గాలి చేసిన పని. ఇక సున్నమును తూచినది కొన్ననాడా, తేమ పీల్చిన తరువాతనా యని అడుగుట మీ వంతు. ఆ 8.5 గ్రాములు నీటి బరువే కదా.

పని చేయు పద్ధతిలో కొన్ని జాగ్రత్తలు కలవు. రాశి పైభాగమునుండియే గాక నడుమనుండియు అడుగునుండియు తీసి, పొడిచేసి కలిపి, అందులో 20 గ్రాములు తూచవలెను. పరీక్షించునది పచ్చిరాయి యైనచో ముందుగా 105 డిగ్రీల వేడిలో ఆరబెట్టవలెను; లేనిచో వాననీరు కూడ వాయువు లెక్కలో చేరును. కాల్చిన మూసను వెంటనే మూతవేసి చల్లార్చవలెను, ఏలయన సున్నము తూచులోపలనే తేమను లాగికొనును. మరల కాల్చి మరల తూచి, బరువు ఇక తగ్గదని తేలినప్పుడే ఆపవలెను. ఈ కడపటి నియమమును విసుగుతో విడిచిపెట్టువారే యెక్కువ.

రాతిలో బంకమన్ను కలిసినను లెక్క తప్పును. శుద్ధమైన తెల్లబంకమన్ను 100కి 14 గ్రాముల వరకు నీరు విడుచును. అదియు 600 డిగ్రీల లోపలనే చాలవరకు పోవును గనుక ఇక్కడను రెండు కాల్పులే శరణ్యము.

కాని వేంపల్లె శ్రేణి రాతికి ఈ ఉపాయము చాలదు. అందు మెగ్నీషియము కలిసిన డోలమైటు విస్తారము. స్వచ్ఛమైన డోలమైటు 100కి సుమారు 47.7 గ్రాములు తగ్గును. ఆరబెట్టిన రాయి 44కి మించి తగ్గినచో, బంకమన్ను నీరు 44 దాటింపజాలదు గనుక, డోలమైటును అనుమానింపవచ్చును. ఇసుక లేదని తెలిసినప్పుడు 45.5 తగ్గిన రాతిలో అది సుమారు 40 పాళ్లని లెక్కకట్టవచ్చును. ఇసుకయు, డోలమైటును, సున్నపురాయియు మూడును కలిసినచో ఒక్క తూకము వానిని విడదీయజాలదు. తెలియనివి రెండైనప్పుడు తూకములును రెండు కావలెను. అట్టి రాతిపొడిపై నిమ్మరసము పిండి చూచిన కొంత జాడ తెలియును. సున్నపురాయి వెంటనే బుసబుస పొంగును, డోలమైటు మెల్లగా పొంగును. పాళ్లు నిర్ణయింపవలెనన్న మాత్రము ఆ రాతిని రసాయన పరీక్షాశాలకు పంపవలసినదే.