పాసుబుక్కులో తెలియని కోత కనబడితే ఏం చేయాలి?

(టేకులపల్లి మండల రైతుల సదస్సులో చేసిన ప్రసంగ పాఠం)



పత్తి ధర గురించి, ఎరువుల గురించి, పోడు పట్టాల గురించి పెద్దలు మాట్లాడారు. నాకు అప్పగించిన విషయం వాటి ముందు చిన్నదిగా కనబడుతుంది. బ్యాంకు ఖాతాలోగానీ, కిసాన్ క్రెడిట్ కార్డు లెక్కలోగానీ మనకు తెలియని కోత పడితే అదేమిటో తెలుసుకోవడం ఎట్లా, తప్పయితే తిరిగి రాబట్టుకోవడం ఎట్లా అన్నదే ఆ విషయం.

మన దగ్గర పాసుబుక్కు అంటే మొదట గుర్తొచ్చేది పట్టాదారు పాసుబుక్కు. దాన్ని బీరువాలో దాచుకుంటాం. అందులో ఒక్క గుంట తగ్గినా తహసీల్దారు ఆఫీసు చుట్టూ చెప్పులరిగేలా తిరుగుతాం. బ్యాంకు పాసుబుక్కులో నాలుగైదు వందలు తగ్గితే మాత్రం ‘బ్యాంకోళ్లు ఏదో పట్టుకున్నరు’ అని ఊరుకుంటాం. ఇప్పుడు పంట పైసలు, రైతు భరోసా, పీఎం కిసాన్, ఉపాధి కూలి అన్నీ ఖాతాలోకే వస్తున్నాయి. పొలం గట్టును ఎట్లా చూసుకుంటామో ఖాతాను కూడా అట్లాగే చూసుకోవాలి.

కోతలు మూడు రకాలు. ఒకటి, మనమే ఎప్పుడో సంతకం పెట్టి మరిచిపోయినవి. రెండు, బ్యాంకు వేసినవి. మూడు, దొంగలు తీసినవి. ఏది ఏ రకమో తేలితే ఎక్కడికి పోవాలో తేలుతుంది.

మరిచిపోయిన కోతలు

మే నెలాఖరులో చాలా ఖాతాల్లో 436 రూపాయలు, 20 రూపాయలు తగ్గుతాయి. పక్కన పీఎంజేజేబీవై, పీఎంఎస్‌బీవై అనే అక్షరాలు ఉంటాయి. మొదటిది జీవనజ్యోతి బీమా, రెండోది సురక్షా బీమా. 2022 జూన్‌కు ముందు వీటి ప్రీమియం 330, 12 రూపాయలు ఉండేది. జీవనజ్యోతిలో ఏ కారణంతో మరణించినా కుటుంబానికి 2 లక్షలు వస్తాయి. సురక్షలో ప్రమాద మరణానికి 2 లక్షలు వస్తాయి. బీమా జూన్ 1 నుంచి మే 31 వరకు నడుస్తుంది.

ఈ కోతను చూసి కోపం తెచ్చుకునే ముందు ఒక్క మాట ఆలోచించండి. రైతు బీమా 2018 ఆగస్టు నుంచి ఉంది. 5 లక్షల ఆ బీమాకు ప్రీమియం ప్రభుత్వమే ఎల్ఐసీకి కడుతుంది, మన ఖాతాలో కోత పడదు. కానీ అది పట్టా ఉన్నవాళ్లకే. కౌలు రైతు చనిపోతే ఆ ఇంటికి రైతు బీమా రాదు. అప్పుడు ఆ 436 రూపాయల కోతే ఆ ఇంటికి మిగిలే ఆసరా కావచ్చు. అందుకే ఏ ఇంట్లో మనిషి పోయినా, పట్టా ఉన్నా లేకపోయినా, ముందు ఆయన బ్యాంకు పాసుబుక్కు తెరిచి ఈ రెండు అంకెలు ఉన్నాయేమో చూడండి. ఉంటే నామినీ వెంటనే బ్యాంకులో క్లెయిము వేయాలి. పట్టా ఉన్న రైతు కుటుంబానికి రైతు బీమా వచ్చినా ఇది విడిగా వస్తుంది. కోత అర్థం కాక వదిలేస్తే 2 లక్షలు వదిలేసినట్టే.

అయితే ఒకే మనిషికి రెండు బ్యాంకుల్లో 436 చొప్పున పోతుంటే రెండోది దండగ. బీమా ఒక్క ఖాతా మీదే చెల్లుతుంది. రెండో బ్యాంకులో రాసిచ్చి ఆపించుకోండి.

బ్యాంకు వేసిన కోతలు

ఇక్కడ మనం అడగాలి. కిసాన్ క్రెడిట్ కార్డు 1998లో వచ్చింది. 3 లక్షల లోపు పంట రుణానికి ప్రాసెసింగ్, డాక్యుమెంటేషన్, తనిఖీ ఛార్జీలు తీసుకోవద్దని 2019లో బ్యాంకుల సంఘమైన ఐబీఏ తన సభ్య బ్యాంకులకు సూచించింది. మీ లెక్కలో ఆ పేర్లతో కోత ఉంటే ఎందుకని అడగండి.

వడ్డీ లెక్క కూడా చూడండి. 3 లక్షల లోపు పంట రుణానికి వడ్డీ 7 శాతం. గడువులోగా కడితే కేంద్రం మరో 3 శాతం రాయితీ ఇస్తుంది. లక్ష రూపాయలు ఏడాది వాడుకుంటే 7 వేలకు బదులు 4 వేలే పడాలి. గడువులో కట్టినా ఆ 3 వేలు జమ కాకపోతే అది మన పైసే. చిన్న, సన్నకారు రైతుల స్వల్పకాలిక పంట రుణంపై మొత్తం వడ్డీ అసలును మించకూడదనీ రిజర్వు బ్యాంకు నిబంధన ఉంది.

జన్‌ధన్ లాంటి మౌలిక పొదుపు ఖాతాకు కనీస నిల్వ షరతు లేదు. దానికి నిల్వ తగ్గిందని జరిమానా వేయకూడదు. మామూలు ఖాతాలో ఏటీఎం ఉచిత లావాదేవీలు దాటితే 2025 మే 1 నుంచి ఒక్కోదానికి 23 రూపాయల దాకా, పైన జీఎస్టీ పడుతుంది. ఇక ‘నాచ్ రిటర్న్’ అని ఉంటే బండి కిస్తీనో, ఫైనాన్సు కిస్తీనో ఖాతాలో పైసలు లేక వెనక్కి పోయిందన్నమాట. అటు ఫైనాన్సు వాడూ, ఇటు బ్యాంకూ రెండు వైపులా జరిమానా వేస్తారు. కిస్తీ తేదీని పంట పైసలు వచ్చే రోజులకు మార్పించుకోగలమా అని ముందే అడగాలి.

పంట రుణం ఇచ్చేటప్పుడు వేలల్లో జీవిత బీమా పాలసీ అంటగడితే, ‘ఇది లేకుంటే లోను రాదు’ అన్నా నమ్మొద్దు. అట్లా బలవంతపెట్టకూడదని రిజర్వు బ్యాంకు నిబంధన. పాలసీ కాగితం చేతికొచ్చిన 30 రోజుల్లోపు వెనక్కి ఇచ్చేసే హక్కు ఉంది. దీనిపై ఫిర్యాదుకు బీమా నియంత్రణ సంస్థ నంబరు 155255.

ఇంకో ముఖ్యమైన మాట. పాసుబుక్కులో అర్థం కాని అక్షరాలు కొట్టి వదిలేయకూడదని, ఛార్జీ వేస్తే అది రుసుమా, జరిమానా, ఎందుకు వేశారో క్లుప్తంగా రాయాలని 2017 జూన్ 22న రిజర్వు బ్యాంకు ఆదేశం ఇచ్చింది. కౌంటరు దగ్గర ‘ఇదేంటి సారూ’ అని అడగడం బతిమాలుకోవడం కాదు. చెప్పడం వాళ్ల బాధ్యత.

దొంగలు తీసినవి

మనం తీయని పైసలు పోయాయంటే లెక్క రోజుల్లో కాదు, గంటల్లో ఉంటుంది. పాసుబుక్కులో ఏఈపీఎస్ అని ఉంటే ఆధార్, వేలిముద్రతో తీసినట్టు. దానికి పిన్ అక్కర్లేదు, ఓటీపీ రాదు. వేలిముద్రను ఎవరు దొంగిలిస్తారు అనుకోకండి. 2018లో పెద్దపల్లి జిల్లా ధర్మారంలో సిమ్ కార్డులు అమ్మే ఒక వ్యాపారి, రిజిస్ట్రేషన్ శాఖ వెబ్‌సైటులో ఉన్న భూమి దస్తావేజుల మీది వేలిముద్రలతో నకిలీ ముద్రలు తయారుచేసి సిమ్ కార్డులు నడిపించిన కేసును పోలీసులు బయటపెట్టారు. భూమి అమ్మినవాళ్ల, కొన్నవాళ్ల వేళ్లే అవి.

ఇట్లాంటి మోసాలపై 2017 జూలై 6న రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఉత్తర్వు ఉంది. గ్రామీణ బ్యాంకులకూ అది వర్తిస్తుంది. మన తప్పూ, బ్యాంకు తప్పూ లేకుండా బయటివాళ్లు తీస్తే, బ్యాంకు నుంచి మెసేజ్ అందాక మూడు పనిదినాల్లో తెలియజేస్తే మనకు నష్టం సున్నా. నాలుగు నుంచి ఏడు పనిదినాల్లో చెబితే మన మీద పడే భారం జన్‌ధన్ ఖాతాకు 5 వేలు, మామూలు పొదుపు ఖాతాకు 10 వేలు దాటకూడదు. వ్యక్తుల పేరున ఉండే 25 లక్షల లోపు క్యాష్ క్రెడిట్ ఖాతాకూ హద్దు 10 వేలే. ఏడు దాటితే బ్యాంకు బోర్డు విధానం ప్రకారం తేలుస్తారు. తెలియజేసిన 10 పనిదినాల్లో బ్యాంకు ఆ సొమ్మును ఖాతాలో చూపాలి, 90 రోజుల్లో ఫిర్యాదు తేల్చాలి. తప్పు ఖాతాదారుదే అని రుజువు చేయాల్సిన భారం బ్యాంకుదే.

పిన్‌గానీ, ఓటీపీగానీ మనమే చెప్పేసి ఉంటే, బ్యాంకుకు చెప్పేవరకు పోయింది మన నష్టమే. చెప్పిన తరువాత పోయేది బ్యాంకు నష్టం. కాబట్టి సిగ్గుపడి దాచిపెట్టొద్దు. వెంటనే బ్యాంకుకు, సైబర్ నేరాల నంబరు 1930కి ఫోను చేయండి.

ఈ రోజుల లెక్కంతా మెసేజ్ మీద ఆధారపడి ఉంది. పాత సిమ్ పారేసి ఉంటే, పట్నంలో ఉన్న కొడుకు నంబరు ఇచ్చి ఉంటే మెసేజ్ మన దాకా రాదు. ఇంటికి పోయాక మొదట చేయాల్సిన పని, బ్యాంకులో ఏ నంబరు ఉందో చూసుకోవడం. 1947కు ఫోను చేసి ఆధార్ వేలిముద్రలను లాక్ చేయించుకునే మార్గం కూడా తెలుసుకోవచ్చు. అయితే లాక్ చేస్తే రేషన్ దుకాణంలోనూ వేలిముద్ర పడదు. బియ్యం తెచ్చుకునే రోజు తాత్కాలికంగా తీయించుకోవాలి.

ఏటీఎంలో డబ్బు రాకుండానే ఖాతాలో తగ్గితే ఐదు రోజుల్లో తిరిగి జమ కావాలి. ఆపైన ఆలస్యమైతే రోజుకు 100 రూపాయలు బ్యాంకు ఇవ్వాలి. ఇది 2019 సెప్టెంబరు 20 నాటి ఉత్తర్వు.

ఫిర్యాదు ఎట్లా?

నోటిమాట పనికిరాదు. తెల్లకాగితం మీద తెలుగులోనే రాయండి. పేరు, ఖాతా నంబరు, కోత పడిన తేదీ, ఎంత, పాసుబుక్కులో ఏమని ఉంది, ‘ఇది నేను చేయలేదు’ లేదా ‘ఇది ఎందుకు వేశారో చెప్పండి’ అన్న ఒక్క వాక్యం చాలు. రెండు ప్రతులు తీసుకుపోయి, ఒకదాని మీద బ్యాంకు ముద్ర, తేదీ, సంతకం వేయించుకోండి. ఆ ముద్రే మన సాక్ష్యం.

30 రోజుల్లో జవాబు రాకపోతే, వచ్చినా న్యాయంగా లేకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు పోవచ్చు. 2021 నవంబరు 12 నుంచి దేశమంతటికీ ఒకే పథకం నడుస్తోంది. రుసుము లేదు, వకీలు అక్కర్లేదు. ఫిర్యాదును పోస్టులో రిజర్వు బ్యాంకు, సెక్టార్ 17, చండీగఢ్ 160017 చిరునామాకు పంపవచ్చు. 14448 నంబరుకు చేసి తెలుగులో వివరాలు అడగవచ్చు. సహకార సొసైటీలో కోత అయితే దారి వేరు, జిల్లా సహకార అధికారికి రాయాలి.

ఒక సంగతి దాచకుండా మాట్లాడుకుందాం. ‘మేనేజరును ఎదిరిస్తే వచ్చే వానాకాలం లోను రెన్యువల్ చేయడేమో’ అన్న భయం మనందరిలో ఉంది. ఒక్కడే పోతే ఆ భయం సహజం. పదిమంది ఒకే కాగితం మీద, ఎవరి కోత వాళ్లు రాసుకొని కలిసి పోతే మాట వేరు. సంఘం ఉన్నది అందుకే.

కాబట్టి గ్రామ కమిటీలకు మూడు పనులు ప్రతిపాదిస్తున్నాను. నెలకొక రోజు అందరూ బ్యాంకు పాసుబుక్కులు ప్రింటు వేయించుకొని ఒకచోట కూర్చోవాలి. చదువుకున్న పిల్లలు ఒక్కో వరుసా చదివి, కోయ వాళ్లకు కోయలో, లంబాడా వాళ్లకు వాళ్ల భాషలో చెప్పాలి. అర్థం కాని కోతలను ఒక నోటుబుక్కులో రాసి, నెలనెలా బ్యాంకుకు ఉమ్మడిగా ఇవ్వాలి. పాసుబుక్కులో కోత కారణాన్ని తెలుగులో ముద్రించాలన్న డిమాండును ఈ సదస్సు తీర్మానంగా బ్యాంకు శాఖలకు, జిల్లా లీడ్ బ్యాంకు మేనేజరుకు పంపాలి.

తీర్మానం కాగితం బయట బల్ల మీద ఉంది. సంతకం పెట్టేవాళ్లు తమ బ్యాంకు ఖాతాకు ఏ ఫోను నంబరు ఉందో కూడా గుర్తు తెచ్చుకోండి. గుర్తు రాకపోతే రేపు పొద్దున మొదటి పని బ్యాంకులోనే.